కరుణామణి మేడం వదిలివెళ్ళిన పదకొండు పెట్టెలు

కరుణామణి మేడం ఇక లేరని ఆవిడ తమ్ముడు యోహాను గారు ఫోన్ చేసినప్పుడు నేను తెనాలి బస్టాండులో రేపల్లె బస్సు కోసం నిలబడి, ఆ మధ్యాహ్నం ఆమెతో చేయవలసిన వాదానికి హేతువులు వరుసగా పేర్చుకుంటున్నాను. తెల్లవారుజామున నిద్రలోనే పోయారట. సర్వసన్నద్ధమై వేదిక ఎక్కిన వక్తకు ప్రత్యర్థి ఇక రారని కబురందినట్టయింది. దిగ్భ్రాంతి వెనుక దుఃఖం రావాలి. నాకు ముందుగా కోపం వచ్చింది. ఆ కోపం ఈ వాక్యం రాసే వేళకు కూడా ఉపశమించలేదని పాఠకులకు ముందే విన్నవిస్తున్నాను.

వివాదం ఐదేళ్ళది. బాపట్ల కళాశాలలో ముప్పై ఏళ్ళకు పైగా వృక్షశాస్త్రం బోధించిన ఆ విదుషీమణి, ఆ శాస్త్రం సరిహద్దులను ఏనాడూ గౌరవించలేదు. వరికాడ అడ్డుకోత, చేప పొలుసు, పెనుమూడి రేవులో కృష్ణమ్మ వదిలిన ఒండ్రు, విరిగిన కొడవలి ముక్క, ఇవన్నీ ఆమెకు ఒకే విద్యలోని పాఠాలు. ఆ విద్యకు ఆమె పెట్టుకున్న పేరు సూక్ష్మనిర్మాణ పరిశీలన. పదకొండు చెక్కపెట్టెల నిండా గాజు స్లైడులు తయారుచేసి, ఒక్కదానిమీదా అది ఏమిటో రాయలేదు. పేరు ఉండవలసిన కాగితంపై ఒక ప్రశ్న మాత్రం ఉండేది: ‘అంచు దగ్గర ఏమైంది?’, ‘ఇది ఒకటేనా?’ అని. దాని కింద పెన్సిలుతో సన్నని గీత. పేర్లు రాయమని నేను ఎన్నిసార్లు ప్రాధేయపడినా ఆమె సమాధానం ఒక్కటే. “పేరు చెప్పామనుకో, చూడటం మానేస్తారమ్మా.”

ఆమె సాంగత్యం సహనానికి నిత్యపరీక్ష. తెనాలిలో ఒక హోటల్లో ఇడ్లీని తుంచి, లోపలి రంధ్రాలను కళ్ళజోడు ఎత్తి పరిశీలిస్తూ కూర్చునేవారు. పైన చిన్నవి, కింద పెద్దవి ఎందుకున్నాయో నన్ను చెప్పమనేవారు. సర్వరు రెండుసార్లు వచ్చి చూసి, మూడోసారి ఆగలేక, “మేడం గారూ, అది తినేదండి,” అన్నాడు. ఆవిడ ఏమాత్రం నొచ్చుకోకుండా అతణ్ణి కూడా వంగి చూడమన్నారు. అతను చూశాడు, ఏదో అడిగాడు కూడా. మా వెనుక బల్ల మీద కాఫీ చల్లారిపోయిందని వేరొకాయన కేకలు పెట్టారు.

మరొకనాడు వృక్షశాస్త్ర విద్యార్థులమైన మమ్మల్ని భౌతికశాస్త్రం వారి చీకటిగదిలోకి తోలుకుపోయారు. సోడియం దీపం వెలిగించి, వర్ణపటమాపకంలో కనబడుతున్న పసుపు గీత ఎన్ని అని అడిగారు. ఒకటి అన్నాను. వెలుగు లోపలికి వచ్చే చీలికను ఇంకా సన్నం చేయమన్నారు. మళ్ళీ ఒకటే అన్నాను. మరల తిప్పమన్నారు. మెడ పట్టేసింది, టిఫిన్ వేళ దాటిపోయింది. ఆఖరికి ఆ గీత నిలువునా విడిపోయి రెండయింది. ఆ క్షణంలో నా దేహం గగుర్పొడిచిన మాట నిజం. కానీ ఆవిడ అభినందించలేదు. “ఇందాక అంత నమ్మకంగా ఒకటని ఎట్లా చెప్పావు?” అన్నారు.

ఈ పరాభవానికి ప్రతీకారంగానే తెనాలిలో జరిగిన కళాశాలల వక్తృత్వ పోటీలో ఆమె సిద్ధాంతాన్ని ఖండించాను. వెలుగుగీత చీలడానికి కారణం పరమాణువులోని ఎలక్ట్రాను స్వభావం. వరికాడలో గదులు ఏర్పడటానికి కారణం జీవం. రెంటికీ సూక్ష్మనిర్మాణం అనే ఒకే పదం వాడినంత మాత్రాన ఒకే విద్య కాజాలదని నిరూపించాను. కప్పు గెలిచాను. ముందు వరుసలో కూర్చున్న మేడం బయటికి వచ్చాక నా భుజం తట్టి, “కారణం ఒకటని నేనెప్పుడన్నానే పిల్లా? చూసే ఓపిక ఒకటే అన్నాను,” అని రిక్షా ఎక్కి వెళ్ళిపోయారు. కప్పు పట్టుకుని నేను రోడ్డు మీద నిలబడ్డాను.

పదవీ విరమణ తరువాత రేపల్లెలో తమ్ముడి ఇంట ఉంటూ, ఆదివారం ఆరాధన ముగిశాక పాత విద్యార్థులను పిలిచి స్లైడులు చూపేవారు. ఒకసారి బొచ్చె చేప పొలుసు పెట్టారు. మేము నలుగురం వంగి చూసి, శాస్త్రీయనామం చెప్పి, గర్వంగా తప్పుకున్నాం. వాకిట్లో చేపల బుట్ట దించిన నాంచారమ్మను కూడా మేడం పిలిచారు. ఆమె తడిచేతులు కొంగుకు తుడుచుకుని చాలాసేపు చూసింది. “ఈ గీతలు ఇంతవరకు ఎడం ఎడంగా ఉండి, ఇక్కడెందుకమ్మా ఇంత దగ్గరపడ్డయ్యి?” అంది. మేడం మా వైపు తిరిగి ఒక చూపు చూశారు. ఆ చేపకు అప్పుడు సరిగా తిండి దొరికి ఉండదని, పెరుగుదల మందగిస్తే గీతలు దగ్గరపడతాయని వారిద్దరూ గంటసేపు మాట్లాడుకున్నారు. మాకు టీ ఇచ్చేవారు లేరు.

అంత్యక్రియలయ్యాక యోహాను గారు ఆ పెట్టెలను బాపట్ల కళాశాలకు అప్పగించమని నాకిచ్చారు. అక్కడి వృక్షశాస్త్ర విభాగం పెద్దాయన మర్యాదగానే చెప్పారు: “పేరు లేనిదాన్ని పిల్లలకేమని చూపిస్తామమ్మా? నెలాఖరులోగా పేర్లు రాసిస్తే బీరువా ఇస్తాం. లేకపోతే పగిలిన గాజుతోపాటు పారేయాల్సిందేనండి.” ఐదేళ్ళుగా నేను మేడంతో వాదించినది అక్షరాలా ఇదే. అదే మాట ఇప్పుడు ఆయన నోట వినవలసి వచ్చింది. బతికుండగా పది నిమిషాల్లో ఆమె చెప్పగలిగినది నేను నెలాఖరుదాకా కళ్ళు కాయలు కాచేలా చూసి కనుక్కోవాలి.

చూశాను. వేరే దారి ఆమె వదలలేదు. మూడో పెట్టెలో చేప పొలుసు కనిపించింది. కాగితం మీద ‘గీతలు ఇక్కడ ఎందుకు దగ్గరపడ్డాయి?’ అని ఉంది. ఈ మాట నాంచారమ్మది కదా అని అనుమానం వచ్చి, ప్రశ్న కింది పెన్సిలు గీత మీద భూతద్దం పెట్టాను. అది గీత కాదు. చీమ తల కన్నా చిన్న అక్షరాలు. ‘నాంచారమ్మ అడిగింది.’ మొదటి పెట్టె నుంచి మళ్ళీ చూశాను. ప్రతి గీతలోనూ ఒక పేరు: ఎప్పుడో చదివిపోయిన విద్యార్థులు, ప్రయోగశాల ఊడ్చే ఆమె, యోహాను గారు, చివరికి ఆ ఇడ్లీ సర్వరు కూడా. పదకొండు పెట్టెలూ వెదికాను. నా పేరు లేదు. ఐదేళ్ళు ఆమెతో వాదించాను. ఆలోచించి చూస్తే, జవాబు ముందే సిద్ధం చేసుకోకుండా ఒక్క ప్రశ్న కూడా ఆమెను అడగలేదు.

వస్తువుల పేర్లు విడిగా ఒక పుస్తకంలో సంఖ్యల ప్రకారం రాసిచ్చాను. కాగితాలను ముట్టుకోలేదు. పెద్దాయన గొణిగారు గానీ బీరువా తాళాలిచ్చారు. ఒక్క స్లైడు మాత్రం మిగిలింది. దాని కాగితం ఖాళీ. తేనెపట్టు గదుల వంటి వరుసలు, అన్నీ తెరిచి ఉన్నాయి, ఒక అంచున మూడు మూసుకుపోయాయి. ఆకో, పురుగు రెక్కో, ఉప్పు పొరో తెలియలేదు. ‘ఈ మూడే ఎందుకు మూసుకున్నాయి?’ అని దానిమీద రాశాను. మేడం, ఇది వాదం కాదు, నిజంగా అడుగుతున్నాను. అడగడం వచ్చేసరికి మీరు లేకపోవడం ఏం న్యాయం?

ఆ మహనీయురాలికి అర్పించడానికి నా దగ్గర ఉన్నది ఆ ఒక్క ప్రశ్నే. దాని కింద నా పేరు రాద్దామని పెన్సిలు ఎన్నిసార్లు చెక్కినా అంత సన్నటి అక్షరం నా చేతికి రాలేదు. అట్లా రాయగల చెయ్యి రేపల్లె మట్టిలో ఉంది. నా ప్రశ్న కింద చోటు ఖాళీగానే ఉంది.