తోక దగ్గరి స్ప్లిట్ పిన్

2022 ఎండాకాలం. దిల్‌సుఖ్‌నగర్‌లో ఒక కోచింగ్ సెంటర్ పై అంతస్తులో నా వీడియో స్టూడియో. పన్నెండేళ్లుగా పెళ్ళిళ్ళు తీస్తున్న నాకు ఆ ఏడాది కొత్త పని వచ్చింది. నగరం అవతల చిన్న రన్‌వే మీద ఇంకా ఎగురుతున్న ఒక పాత రెండు సీట్ల విమానాన్ని, దాన్ని కాపాడుకొస్తున్న మెకానిక్ యాదగిరి సార్‌ను చిత్రీకరించాలి.

మొదటి రోజు పొద్దున పైలట్ మేడం ఒక్కరే ఎగిరి దిగారు. మర్నాడు ముందు సీట్లో కెమెరాతో నేను కూర్చోవాలి. ఆ మాట విన్నప్పటినుంచి నాకు సరిగా నిద్ర లేదు.

మధ్యాహ్నం స్టూడియోలో ఫుటేజ్ చూస్తుంటే ఒకచోట చెయ్యి ఆగింది. తోక దగ్గర ఎలివేటర్ ఉంటుంది. విమానం ముక్కును పైకీ కిందికీ తిప్పే పలక అది. దాని నట్టు వదులు కాకుండా అడ్డంగా దూర్చి వంచే సన్నని పుల్లే స్ప్లిట్ పిన్. ఎగరకముందు తీసిన షాట్‌లో అది ఉంది. దిగాక తీసిన షాట్‌లో లేదు.

యాదగిరి సార్ ఫోన్ ఎత్తలేదు. ముప్పై ఏళ్ల అనుభవం ఉన్న మనిషికి పెళ్ళి వీడియోలు తీసే నేను తప్పు చూపించడమా? పైగా భయపడే కళ్ళకు లేనిపోనివి కనబడతాయి. ఊరుకుందామనుకున్నాను. ఊరుకోలేక ల్యాప్‌టాప్ పట్టుకుని మెట్రో ఎక్కాను. సార్ ఇల్లున్న ఎల్బీనగర్ మూడో స్టేషనే. ఆ కాసేపట్లోనే రెండుసార్లు వెనక్కి వెళ్లిపోదామనిపించింది.

షాట్లు చూసి ఆయన నెమ్మదిగా అన్నారు. “నీడ పడ్డదేమో బిడ్డా. ఆ పిన్ను నా చేతులతోని పెట్టిన.”

“నీడే అయితే మంచిదే సార్. నాకైతే పరేషాన్ అయితుంది.”

కళ్ళద్దాలు తుడుచుకుని మళ్ళీ చూశారు. తెర మీద నట్టు దగ్గర వేలు పెట్టి, రెండు షాట్లనూ పక్కపక్కన పోల్చారు. తర్వాత మేడంకు ఫోన్ చేసి, మర్నాడు ఎగరడం ఆపమని చెప్పారు.

పొద్దున విమానం ఉంచే హ్యాంగర్‌లో చూస్తే పిన్ను నిజంగానే లేదు. నట్టు అప్పటికే ఒక చుట్టు వదులైంది. ముందు రోజు ఆ విమానంలోనే ఎగిరిన మేడం రెక్క మీద చెయ్యి ఆనించి నిలబడ్డారు.

యాదగిరి సార్ సాకులు చెప్పలేదు. “కొత్త పిన్నులు అయిపోయినయ్ మేడం. ఒచ్చేదాక ఆగకుండ పాతదే మళ్ళ వంచి పెట్టిన. ఒకసారి వంచినది మళ్ళ వాడొద్దని అందరికీ చెప్పేటోణ్ణి నేనే.”

విమానం లాగ్‌బుక్‌లో తన తప్పును తన పేరుతో నాలుగు వరుసల్లో రాశారు. నేను మర్యాదకు కెమెరా దించేశాను. ఆయన తలెత్తి, “గిది గూడ తియ్యి బిడ్డా. ముఖం కనబడాలె,” అన్నారు.

పిన్నులన్నీ మార్చి, ప్రతి కీలూ చూశాక నాలుగో రోజు ఎగిరాం. నా భయం పోలేదు. కానీ ఎక్కనని మాత్రం అనలేదు. అంత పాత యంత్రం గాల్లో నిలవడానికి తప్పు చేయని మనుషులు అక్కర్లేదని, చేసిన తప్పును దాచని మనిషి కావాలని అక్కడే తెలుసుకున్నాను. ఇకముందు నా అనుమానం తప్పే కావచ్చనిపించినా వెనకాడకుండా పైకి చెప్పగల ధైర్యం కూడా ఆయన రాసిన ఆ నాలుగు వరుసలు చూశాకే వచ్చింది.