జపానమ్మ పలికిన మధ్యాహ్నం

ఆ రోజుల్లో నాకు దయ్యాలంటే భయం లేదు, ఫోర్‌మన్ అంటేనే భయం. ఒమన్‌లోని రుసైల్‌లో ఒక కంపెనీలో ఎలక్ట్రీషియన్ హెల్పర్‌గా చేరి ఏడాది కూడా నిండలేదు. మా ఫోర్‌మన్‌ది కడప, అందరం భాయ్ అనేవాళ్లం. ఒకరోజు నన్ను బండెక్కించి సమాయిల్ తీసుకెళ్లాడు. అక్కడ ఖర్జూర తోటల వెనుక, మనుషులు ఎప్పుడో వదిలేసిన మట్టి ఇళ్లలో ఒక జపాన్ నటి ప్రదర్శన పెడుతోందట, వైర్లు లాగాలి. "చిన్నప్పుడు ఏందో సినిమాలో దయ్యం వేషం కట్టిందంట అబ్బీ," అన్నాడు దారిలో. "రెప్ప కొట్టకుండా నిలబడిందని, బతికుండే మనిషి వేషం మళ్లా ఎవురూ ఇయ్యలేదంట. ఇసుగు పుట్టి, ఇప్పుడు గొంతులూ బొమ్మలూ కలిపి సొంతంగా ఏందో చేస్తాంది."

జపానమ్మ (అసలు పేరుకు నా నోరు తిరగలేదు) సన్నగా, పొడుగు జుట్టుతో ఉండేది. ఆమె మాట వినాలంటే మనమే ముందుకు వంగాలి. పనివాళ్లను ఒక్కొక్కరినీ మైకు ముందు కూర్చోబెట్టి, దూరమైన మనిషిని ఒకసారి పిలవమంది. ఒక్కో ఇంట్లో ఒక్కో పిలుపు వినిపిస్తుందట. నేను ఒమన్ వచ్చిన కొత్తలోనే మా బాపమ్మ పోయింది. లీవు దొరకలేదు, దహనం ఫోన్‌లో చూశాను. "బాపమ్మా, ఉన్నవా?" అన్నాను. ఆమె దాన్ని మళ్లీ మళ్లీ విని, భాయ్‌ని పక్కకు పిలిచి ఏదో అడిగింది.

ఆ తర్వాత ఒక మిట్టమధ్యాహ్నం, అందరూ తోటలో అన్నాలకు కూర్చుంటే, మరిచిపోయిన టెస్టరు కోసం నేను నా పిలుపు పెట్టబోయే ఇంట్లోకి వెళ్లాను. జనరేటర్ ఆపేసి ఉంది. బయట ఎండ కళ్లు పొడుస్తుంటే లోపల చల్లగా, చీకటిగా, గాలి కూడా ఊపిరి బిగబట్టినట్టు ఉంది. ఎందుకో తెలియదు, "బాపమ్మా, ఉన్నవా?" అన్నాను నాలో నేనే అనుకున్నట్టు. లోపలి గదిలోంచి ఆడగొంతు పలికింది: "ఉన్న బిడ్డా."

నేను పరుగెత్తలేదు. గోడకు ఆనుకుని కూలబడి, "తిన్నవా? మోకాళ్ల నొప్పులు తగ్గినయా? నాకు లీవియ్యలేదే," అని గబగబా చెప్పుకుపోయాను. కాసేపటికి గుమ్మం చీకట్లోంచి తెల్లటి చెయ్యి ఒకటి బయటికి వచ్చింది, దాని వెనకే అంత పొడుగు జుట్టు. (మా బాపమ్మకు చివరి రోజుల్లో నెత్తిన పిడికెడు వెంట్రుకలు కూడా లేవు.) అప్పుడు ఉరికాను. పోయి పోయి తోటకు నీళ్లు పారే కాలువలో పడ్డాను. తలెత్తి చూస్తే, నా చెప్పు చేత పట్టుకుని జపానమ్మ గట్టు మీద నిలబడి ఉంది. ఆమెకు తెలుగు ముక్క రాదు. కళ్లలో మాత్రం నీళ్లున్నాయి.

సంగతేమిటంటే, పిలుపుకు జవాబు తన గొంతుతోనే ఇవ్వాలని భాయ్ దగ్గర మాట నేర్చుకుని, లోపల కూర్చుని సాధన చేస్తోందట. నేనేమన్నానో భాయ్ ఆమెకు చెప్పాడు. ఆమె అన్నది నాకు చెప్పాడు: "ఇన్నేళ్లూ ఆమెను చూసి అందురూ కేకలేసినోళ్లేనంట. తిన్నావా అని అడిగింది నువ్వొక్కడివేనంట."

అందరూ నవ్వారు, నేనూ నవ్వాను. తిరుగు దారిలో, "మా యాస మంచిగ నేర్పినవ్ భాయ్, 'ఉన్న బిడ్డా' అని," అన్నాను. భాయ్ బండి వేగం తగ్గించాడు.

"నాకు మీ యాస యాడ వస్తాది అబ్బీ? నేను నేర్పింది 'ఉండా నాయనా' అని."



ఇప్పుడు నాకు పొట్ట వచ్చింది, చెవుల పక్కన నెరిసింది. సమాయిల్ వైపు డ్యూటీ పడితే ఆ ఇళ్ల దగ్గర కాసేపు బండి ఆపుతాను. ప్రదర్శన ఎప్పుడో ఎత్తేశారు. తడిబట్టలతో కాలువలో కూర్చుని వణికిన ఆ పిల్లగాడు గుర్తొచ్చి నవ్వొస్తుంది. అంత తొందరేమొచ్చిందిరా, ఇంకో నాలుగు మాటలు అడగకపోయావా అనిపిస్తుంది.