గుంతలోంచి చెప్పిన ఎత్తులు

ఎమ్మిగనూరులో ఆ శనివారం ఉదయం ఆరూ నలభైకి మా ఆయన మగ్గం గుంతలోకి దిగారు. వేళ ఇంత కచ్చితంగా చెప్పగలగడానికి కారణం ఉంది. నేను మిషన్ బడిలో చిన్న తరగతులకు పాఠాలు చెప్పేదాన్ని. మా వీధి మొత్తానికి గోడ గడియారం మా ఇంట్లోనే ఉండేది. కర్నూలు రాజధానిగా ఉన్న రోజులవి.

గుంత గట్టు మీద చదరంగం పలక ఉండేది. ఆయన కాళ్లు తొక్కుడు చెక్కల మీద, చేతులు పోగుల మధ్య అటూ ఇటూ పరుగెత్తే నాడె మీద, కళ్లు పోగుల మీద ఉండేవి. అందుకని ఎత్తులు నోటితోనే చెప్పేవారు. పక్కన రాట్నం మీద నూలు కండెలు చుడుతూ నేను ఆయన బొమ్మలు జరిపేదాన్ని, అవతలి వాళ్ల ఎత్తు పైకి చెప్పేదాన్ని. ఆట ముగిసేదాకా ఆయన పలక వైపు తల తిప్పేవారు కాదు. అదొక గొప్ప అని అప్పటికి మా ఇద్దరికీ తెలియదు.

ఆ రోజు బడి లేదు. ముందురోజు బడి నుంచి తెచ్చుకున్న పాత పత్రికలో ఒక పేజీ చదివి వినిపించాను. పరదేశాల్లో చదరంగమే వృత్తిగా బతికేవాళ్లు ఉన్నారట. ఆడేటప్పుడు పక్కన రెండు గడియారాలు పెడతారట. పొద్దుపోయి ఆట ఆగితే తర్వాతి ఎత్తు కాగితం మీద రాసి, కవరులో అంటించి, మరునాటిదాకా దాస్తారట. వాళ్లలో కొందరు కళ్లకు గంత కట్టుకుని ఒకేసారి చాలామందితో ఆడి గెలిచారట.

“ఆట ఆడితే కూలి ఇస్తారా?” అని ఆయన అడిగారు.

“ఇస్తారంట.”

“మరి పని ఎప్పుడు చేస్తారు?”

“ఆటే పని.”

“అట్లయితే సెలవు రోజు మగ్గం నేస్తారేమో మే!” నాడె విసిరి నవ్వారు. “అయినా కండ్లకు గంత ఎందుకు? చూడకుంటే సరిపోదా?”

ఆ పేజీని మడిచి నా సంచిలో పెట్టుకున్నాను.

ఎనిమిదికి ఆదోని నుంచి నూలు అంగడి గుమాస్తా వచ్చాడు. వచ్చినప్పుడల్లా నూలు దించి, గట్టు మీద కూర్చుని ఒక ఆట ఆడి ఓడిపోయేవాడు. ఆ రోజూ ఓడిపోయాడు. బొమ్మలు సర్దుతున్న నా చేతి వైపు చూశాడు.

“ఆట నీది కాదన్నా. వదిన చెయ్యి శానా తెలివైంది. నువ్వు ఒకటి చెప్తావు, ఆ చెయ్యి ఇంగొకటి జరుపుతాది.”

నూలు కోసం వచ్చిన నలుగురు నేతగాళ్లు విన్నారు. ఒకతను నవ్వాడు. నేనేమో అబద్ధం ఆడరాదని రోజూ పిల్లలకు చెప్పే మనిషిని.

మగ్గం చప్పుడు ఆగిపోయింది.

“రేపు మీ ఆదోనికే వస్తా,” అన్నారు ఆయన. “మీ అంగడి, మీ పలక. మీ మనిషే జరపనీ. ఈయమ్మ వాకిలి బయటుంటాది. మూడాట్లు ఆడదాం. ఓడితే నువ్వన్నది నిజమేనని నేనే ఊరంతా చెప్తా.”

“గెలిస్తే?”

“ఈడికే వచ్చి, ఈ నలుగురి ముందర ఈయమ్మకు తప్పయిందని చెప్పాల.”

ఆదివారం ఆరాధన ముగిశాక బస్సెక్కాం. అంగడి లోపల పదిమంది దాకా ఉన్నారు. నేను బయట మెట్టు మీద కూర్చున్నాను. మొదటి ఆట ఎంతోసేపు పట్టలేదు. ఆయన నీళ్లు తాగడానికి బయటికి వచ్చినప్పుడు ముఖం చూసి ఓడిపోయారని తెలుసుకున్నాను.

“బొమ్మలు అడ్డమొస్తాండాయి మే. వాటిని చూస్తాంటే ఆట కనపడల్యా.”

“చూడొద్దు. వీపు తిప్పి కూర్చో.”

లోపల గుమాస్తా ఒప్పుకోలేదు. “వీపు తిప్పి ఆడేది యాడన్నా ఉందా? ఇదేమన్నా మీ మగ్గం గుంతనా?”

నేను సంచిలోంచి ఆ పేజీ తీసి వాకిట్లోంచి లోపలికి అందించాను. అంగడి యజమాని కళ్లద్దాలు పెట్టుకుని మొత్తం పైకి చదివాడు.

“కూలికి ఆడేటోళ్లే గంత కట్టుకొని ఆడతారంట గదప్పా! ఈయప్ప గోడను చూస్తే నీకేం నొప్పి? కూసోనీ.”

ఆయన గోడ వైపు తిరిగి కూర్చున్నారు. కాసేపటికి కాళ్లు ఒకదాని తర్వాత ఒకటి నేలను తొక్కుతున్న చప్పుడు బయటికి వినిపించింది. రెండో ఆట గెలిచారు.

మూడో ఆట చాలాసేపు సాగింది. రెండు వైపుల ఎత్తులూ పైకి చెబుతున్నారు కనుక నాకు అన్నీ వినపడుతున్నాయి. ఒక్కొక్కటీ మనసులో పెట్టుకుంటూ పోయాను. సగం ఆట అయ్యాక గమనించాను. నా ముందు పలక లేదు, అయినా ఏ బొమ్మ ఏ ఇంట్లో, ఏ గడిలో ఉందో నాకు తెలుస్తోంది. గుమాస్తా ఏనుగును పక్కకు జరిపాడు. ఇక మా గుర్రం ఒక ఇల్లు మూసేస్తే, బంటు ఒక అడుగు వేస్తే, అతని రాజు కదల్లేడని తోచింది. ఆయన గుర్రం చెప్పారు. గుమాస్తా ఏదో బంటు జరిపాడు. ఆ తర్వాత ఆయన నుంచి మాట రాలేదు. కాళ్ల చప్పుడు కూడా ఆగింది. నేను ఒక్క మాట అంటే చాలు, గుమాస్తా అన్నదే నిజమైపోతుంది. పెదవులు బిగించుకుని కూర్చున్నాను.

“మంత్రి ముందర బంటు, ఒకిల్లు ముందుకు,” అన్నారు ఆయన. “ఆటకట్టు.”

మంత్రితో కట్టడం కన్నా బంటుతో కట్టడం మావైపు గొప్ప. లోపల ఒకటే కేకలు. “గోడను చూస్తా బంటుతో కట్టినాడప్పా!” అని యజమాని బయటికి వచ్చి, దారిన పోతున్నవాళ్లకు కూడా చెప్పాడు. ఎండలో ఆ మెట్టు మీద కూర్చుని నేను ఒక్కదాన్నే నవ్వుకున్నాను.

తిరుగు బస్సులో ఆయనతో అన్నాను. “ఆ బంటు నాకూ కనపడింది.”

“ఎప్పుడు?”

“ఏనుగు జరిపినప్పుడు.”

ఆయన వేళ్ల మీద ఎత్తులు లెక్కపెట్టుకున్నారు. “నాకు గుర్రం చెప్పినాక కనపడింది మే,” అన్నారు.

సోమవారం నేను బడికి బయల్దేరకముందే గుమాస్తా వచ్చాడు. మాట ప్రకారం ఆ నలుగురినీ పిలిచి నిలబెట్టాడు. “తప్పయింది వదినా. నీ చెయ్యి మంచిదే. ఈ అన్న తలకాయే మాయదారిది.” అందరూ నవ్వారు. నేనూ నవ్వాను.

ఆ వారమే ఆయన పలకను అటక మీదికి ఎక్కించమన్నారు. అప్పటి నుంచి ఆయన గుంతలో, నేను రాట్నం దగ్గర, పలక లేకుండా, బొమ్మలు లేకుండా ఇద్దరమే ఆడుకున్నాం. కొన్ని రోజులు నేను గెలిచేదాన్ని. గెలిచిన రోజు ఆయన ఆ సంగతి వీధిలో ముందుగా తానే చెప్పేవారు.

ఆయన పోయి ఏడాది కావస్తోంది. ఇప్పుడు మా ఇంట్లో ఎవరూ ఎత్తులు పైకి చెప్పరు.