మాటతీగ

నా పెనిమిటి పోయినంక అత్తగారింటి నుంచి నేను తెచ్చుకున్నది ఒక్కటే. ఆయన కొనిచ్చిన బుల్‌బుల్ తరంగ్. పొడుగాటి కొయ్యపెట్టె, దానిమీద తీగలు, తీగల మీద వరుసగ మీటలు. ఒక చేత్తోని మీట నొక్కి, ఇంకో చేత్తోని తీగ మీటాలె. పెండ్లయిన కొత్తల అఫ్జల్‌గంజ్‌ల ఒక దుకాణం ముందట దాన్ని చూసి నేను కదలకుండ నిలబడ్డ. ఆయన ఏమనలె, లోపలికి పోయి కొనుక్కొచ్చిండు. పెద్ద లడాయి మొదలైన ఏడు, జ్వరమొచ్చి ఆయన పోయిండు. నేను కార్వాన్‌ల మా అన్న ఇంటికొచ్చిన. అమ్మ, బాపు అప్పటికే లేరు.

అన్నకు బర్రెలుండె. పొద్దున్నే బస్తీ ఆడోళ్లంత గిన్నెలు పట్టుకొని మా వాకిట్ల నిలబడేటోళ్లు. అన్న ప్రతి గిన్నెకు ఒట్టేస్తుండె, "చుక్క నీళ్లు కలిపితే నా కండ్లు పోనీ" అని. ఆ నీళ్లు బిందెల తోడుకొచ్చి పాలల్ల పోసేది నేను, వదిన. పక్కన నిలబడి "ఇంకిన్ని పొయ్" అనేది అన్ననే.

పగటిపూట పనులైనంక నేను కొట్టంల కూసొని మెల్లగ వాయించుకునేదాన్ని. ఒకనాడు అన్న వచ్చి ముందట నిలబడ్డడు.

"ముండమోసినదానికి పాటలేంది? నలుగురు నన్ను చూసి నవ్వుతున్నరు."

"ఎవరు నవ్విన్రన్నా? పిలువు, నేనే అడుగుత."

అన్న నా ఒళ్లెకెళ్లి దాన్ని గుంజుకొని కుడితి గోళెం అంచుకేసి కొట్టిండు. చెక్కలు ఏరుకపోయి పాలు కాగుతున్న పొయ్యిల పెట్టిండు. ఎండిన కొయ్య, మస్తుగ మండింది. మంటల తీగలు ఒక్కొక్కటే తెగిన చప్పుడు నాకు వినబడింది. పాలు కలుపుతున్న వదిన తల పక్కకు తిప్పుకుంది. ఆ పాలే అన్న గిలాసల పోసుకొని, ఊదుకుంట తాగిండు.

నేను ఏడ్వలె. ఏడిస్తే ఆయనకు నిమ్మళం అయితదని ఏడ్వలె. బర్రెల పలుపులు ఇప్పేద్దామనుకున్న. గడ్డివాముకు అగ్గి పెడదామనుకున్న. ఆ నోరులేని జీవాలు నాకేం చేసినయి? నాకు కావాల్సింది ఆయన నోరు.

మా పక్కింట్ల ఒక ముసలమ్మ ఉండె. అందరం ఖాలా, అంటే చిన్నమ్మ, అని పిలిచేటోళ్లం. లాడ్ బజార్ దుకాణాలకు లక్క గాజులు చేసిస్తుండె. పగటేల ఆమె వాకిట్ల ఆడోళ్లు, ఆడపిల్లలు కూసొని గాజులకు అద్దాలు అతికేటోళ్లు. నేను కూడ పోయి కూసున్న.

"బేటీ, చేతులకే పనుంది, నోరు ఖాళీగుంది. ఏదన్న కథ చెప్పు" అన్నది ఖాలా.

నోరు తెరిచిన. ఎక్కడినుంచి వచ్చిందో, కథ అదే వచ్చింది.

ఒక దేశముందంట. అక్కడ పొద్దుగూకంగనే నదులు వెనక్కి మళ్లి కొండలెక్కి పండుకుంటయి. వాన పడితే ఒక్కో చినుకు ఒక్కో రాగం తీస్తది. ఆ దేశపు కోటల మాటతీగ అని ఒక వాద్యం ఉంది. దాన్ని ఎవరూ వాయించరు. ముందట కూసొని మాట్లాడితే చాలు. నిజం చెప్తే కమ్మగ మోగుతది. అబద్ధం ఆడితే ఒక తీగ "ట్వయ్ఁ" మంటది. రాజుకు దాన్ని చూస్తే భయం. ఒకనాడు దాన్ని పలగ్గొట్టి పొయ్యిల పెట్టి, ఆ మంట మీద కాగిన పాలు తాగిండు. పాలతోని పొగ, పొగతోని తీగ ఆయన గొంతులకు దిగింది. ఇగ అప్పటి సంది రాజు అబద్ధమాడితే చాలు, ఆయన గొంతుల్నుంచే "ట్వయ్ఁ".

పిల్లలు పడిపడి నవ్విన్రు. ఖాలా నవ్వలె. నా మొఖం దిక్కు చూసి, "రాజును గట్టిగ పట్టుకో, ఇడువకు" అన్నది.

రోజింత కథ చెప్పిన. రాజు ఏమేం అబద్ధాలాడిండో, ఎవరి ముందట ఇజ్జత్ పోగొట్టుకున్నడో.

ఒకనాడు పొద్దున పాలు పోసుకుంట అన్న ఎప్పటిలెక్కనే ఒట్టేసిండు. గిన్నె పట్టుకున్న చిన్నపిల్ల సన్నగ "ట్వయ్ఁ" అన్నది. వెనకున్న ఆడోళ్లు ముందు నోటికి కొంగు అడ్డం పెట్టుకున్నరు. తర్వాత కొంగులు తీసేసిన్రు. అన్నకు ఏం సమజ్ కాలె. తెల్లారి ఇద్దరన్నరు. ఆ తర్వాత మొగోళ్లు గూడ మొదలువెట్టిన్రు. పాలు పోయించుకునే హోటలాయన నవ్వుకుంటనే అడిగిండు, "ఏంది భాయ్, నీ గొంతుల తీగ ఉందంట?" అని. నవ్వు అయినంక పాలు కాచి చూసిండు. మీగడ కట్టలె. మర్నాటి సంది వేరే కాడ పోయించుకున్నడు.

రాత్రి బువ్వకాడ అన్న లొల్లి పెట్టిండు. "ఈ బస్తీకి నేనేం అన్యాయం చేసిన? ధర్మంగ బతుకుతున్న."

రొట్టె వేస్తున్న వదిన తల ఎత్తకుండనే "ట్వయ్ఁ" అన్నది.

అంత సంతోషం నా జన్మల ఎరుగ.

తెల్లారి అన్న నా కాడికొచ్చిండు. "ఆ కథ నువ్వే కట్టినవంట గదా?"

"అవునన్నా."

"ఆ రాజు గొంతు బాగైందని చెప్పరాదు? పోరగాళ్లు మర్చిపోతరు."

"నా వాద్యం బాగైతదా?"

ఆయన బయటికి పోయిండు. సాయంత్రానికి కొత్త బుల్‌బుల్ తరంగ్ తెచ్చి నా ముందట పెట్టిండు. పాతదానికంటే పెద్దది. "గిప్పుడు చెప్తవా?" అన్నడు. నేను మీట నొక్కి చూసిన, మంచిగ పలికింది. తలూపిన.

మర్నాడు ఖాలా వాకిట్ల అందరూ కథ కోసం చూస్తున్నరు. ఆనాడు వదిన గూడ వచ్చి కూసుంది. చెప్పిన: రాజు బంగారంతోని కొత్త మాటతీగ చేయించి, దాని ముందట కూసొని "నేను మారిన" అన్నడు. కోటల వాద్యం, ఆయన గొంతు, రెండూ ఒక్కసారే "ట్వయ్ఁ" మన్నయి.

పాలు కొనేటోళ్లు లేక అన్న బర్రెలమ్మి గడ్డి దుకాణం పెట్టుకున్నడు. బతికున్నంత కాలం నాతోని మళ్ల మాట్లాడలె. అన్న ఆఖరి దినాలల్ల ఆయనను మాఫ్ చెయ్యమని చుట్టాలు నన్ను అడిగిన్రు. చెయ్యలె. చెయ్యాలని గూడ అనిపించలె.

ఆ కొత్త వాద్యం మీద వదినకు పాటలు నేర్పిన. అన్న ఇంట్ల ఉన్నప్పుడే, తలుపులు బార్లా తెరిచిపెట్టి.