అమ్మ చూడని ఎపిసోడ్

ఆ పాత డాక్టర్ల సీరియల్ కోసం ఫోన్‌లో రెండు రోజులు వెతికాను. వెతికినంతసేపూ తిట్టుకుంటూనే ఉన్నాను. 'పూర్తి ఎపిసోడ్' అని పేరు పెట్టి మూడు నిమిషాలు చూపించే మహానుభావుడొకడు. దొంగ కాపీ అని ఎవరూ పట్టుకోకుండా బొమ్మను తిరగేసి, రోగి గుండెను కుడివైపుకి మార్చినవాడొకడు. ఇంకొకడు వేగం పెంచి పెట్టాడు, ఆ గొంతులు వింటే ఎలుకలు కొట్లాడుకుంటున్నట్టుంది.

ఇక ఆ డాక్టరుగారు! ఆపరేషన్ థియేటర్‌లోకి జుట్టు ఎగరేసుకుంటూ వస్తాడు, టోపీ ఉండదు. స్టెతస్కోపు పొట్ట మీద పెట్టి గుండె బలహీనంగా ఉందంటాడు. నేను సిరిసిల్లలో నర్సుని. మా దగ్గరికి ఇలాంటివాడు వస్తే ఆయాలే బయటికి గెంటేస్తారు. నా చిన్నప్పుడు కోరుట్లలో మా వాడకట్టు ఆడవాళ్లంతా ఒళ్లో బీడీల చాటలు పెట్టుకుని ఈయన కోసమా కళ్లనీళ్లు పెట్టుకుంది!

అయినా వెతకక తప్పలేదు. అమ్మ పిత్తాశయంలో రాళ్లున్నాయి. జగిత్యాల డాక్టరు ఆపరేషన్ చేయాలని చెప్పి మూడేళ్లయింది. నొప్పి వచ్చినప్పుడల్లా కడుపు పట్టుకుని ముడుచుకుపోతుంది కానీ మాట వినదు.

"గా సీరియల్ల గామెకు గిదే ఆపరేషన్ చేసిండ్రు. బల్ల మీదనే పాణం పోయింది. నేను పోను" అంటుంది.

సీరియల్ చూసి వైద్యం నేర్చుకున్న మనిషికి నర్సు మాట ఏం ఎక్కుతుంది? ఆ ఎపిసోడే ముందు పెట్టి, అందులో ఉన్నదంతా వట్టి బూటకమని చూపించి నోరు మూయించాలనుకున్నాను.

మూడో రోజు దొరికింది. కోరుట్ల వెళ్లి, అమ్మ పక్కన కూర్చుని పెట్టాను. రోగిని బల్ల మీద పడుకోబెట్టారు. లైట్లు ఆరాయి, వెలిగాయి. డాక్టరు చెమట తుడుచుకున్నాడు. చివరికి ఆమె కళ్లు తెరిచి భర్తను చూసి నవ్వింది. చావలేదు.

అమ్మ ఫోన్ వైపు చూసింది, తర్వాత నా వైపు.

"గిది టీవీల వచ్చిన రోజు నేను కార్ఖానకు బీడీలు ఇయ్యవోయిన. గామె సచ్చిపోయిందని నువ్వే చెప్తివి గద బిడ్డా."

నిజమే. నేనెప్పుడో మరచిపోయాను. అమ్మ బీడీలు అప్పజెప్పడానికి వెళ్లిన రోజున సీరియల్ చూసి, వచ్చాక కథ చెప్పడం నా పని. ఆ రోజు టీవీ వదిలేసి తొక్కుడుబిళ్ల ఆడటానికి పోయాను. అమ్మ అడిగేసరికి తన్నులు తప్పించుకోవడానికి రోగిని చంపేశాను. అమ్మ ఏడ్చింది కూడా. నేను చాటుకు పోయి నవ్వుకున్నాను.

సిగ్గుతో తలెత్తలేకపోయాను.

"అబద్ధం చెప్పిన అమ్మా. ఆడుకోను పోయిన."

అమ్మ తిట్టలేదు. కడుపు మీద చేయి పెట్టుకుని నెమ్మదిగా అంది:

"మూడేండ్లు ఓర్సుకుంటి గద బిడ్డా."