ఆయన పేరు పక్కన సంతకం

షిఫ్టులోకి రాగానే ఆమె ముందు మోటారు మీద అరచెయ్యి పెడుతుంది. జ్వరం వచ్చిన పిల్ల నుదురు చూసినట్టు, కాసేపు. తర్వాతే సంచీ మేకుకి తగిలిస్తుంది.

నీళ్ల పంపుహౌస్‌లో నలుగురు ఆపరేటర్లు. ముగ్గురు మగవాళ్లు, ఆమె. అంతకుముందు ఆమె భర్త ఇక్కడ ఆపరేటరు. ఒక మధ్యాహ్నం వాల్వు తిప్పుతూ కూలబడ్డాడు, మళ్లీ లేవలేదు. ఆ ఉద్యోగం ఆమెకిచ్చారు. కాగితం మీద దాన్ని కారుణ్య నియామకం అన్నారు. ఆఫీసులో ఆమెనే కారుణ్యం అన్నారు. పని ఆపరేటరుది, జీతం సహాయకురాలిది. సగం. పదకొండేళ్లుగా.

“జీతం సగమేగా, నువ్వూ ట్యాంకు సగమే నింపు చెల్లెమ్మా,” అనేవాడు పక్క షిఫ్టు మీసాలాయన.

“అలాగే అన్నయ్యా. తిట్టడానికి వచ్చేవాళ్లని మీ ఇంటికి పంపిస్తా.”

ఆ మీసాలాయనే ఒకరోజు ఆయాసపడుతూ వచ్చి చెప్పాడు. ఆర్డరు వచ్చింది. కారుణ్యం కింద చేరినవాళ్లకి చేరిన రోజు నుంచి సమాన జీతం. ఆపరేటరు పని చేసినట్టు హాజరు పట్టీలో ఉంటే చాలు.

ఆఫీసులో గుమాస్తా పాత పట్టీలు తీసి చాలాసేపు తిరగేశాడు.

“అమ్మా, మొదటి నాలుగేళ్లు మీ పేరే లేదు.”

ఆమెకు తెలుసు. చేరిన రోజు అప్పటి సూపర్‌వైజరు భర్త పేరు కొట్టెయ్యబోతే, ఆమె పేజీ మీద చెయ్యి అడ్డం పెట్టింది. “ఈ ఒక్క నెలా ఉండనివ్వండి సారూ,” అంది. ఆ పెద్దాయన ఉండనిచ్చాడు. మరుసటి నెల కొత్త పేజీలోనూ ఆ పేరే రాశాడు, ఆమె అడగకుండానే. ఆయన రిటైరయ్యేదాకా అంతే. పేరు భర్తది, పక్క గడిలో సంతకం ఆమెది.

“మీవారు లేరని, వచ్చింది మీరేనని రాసివ్వండి,” అన్నాడు గుమాస్తా. “రేపే ఆఖరు. చేరిన రోజు నుంచీ పట్టీ లెక్క తేలకపోతే ఫైలు కదలదు. పదకొండేళ్లూ పోతాయి.”

ఆ సాయంత్రం కూతురు బట్టల దుకాణంలో పని ముగించుకుని వచ్చింది. ఫీజు కట్టలేక నర్సింగు చదువు మధ్యలో ఆపేసిన పిల్ల.

సంగతంతా విని, “ఒక్క ముక్క రాసెయ్యమ్మా,” అంది.

“ఏమని?”

“నాన్న రాలేదని.”

తల్లి గోడకి జారబడింది. “పట్టీలో పేరు చూస్తే, పొద్దుటి షిఫ్టు ఆయన చేసి వెళ్లినట్టుండేదే. ఇప్పుడు నా వంతు అనుకునేదాన్ని. పిచ్చి కదూ?”

“పోయాక కూడా నాన్న చేత నాలుగేళ్లు చాకిరీ చేయించావన్నమాట!”

ఇద్దరూ నవ్వారు. తల్లి నవ్వు ముందుగా ఆగిపోయింది. కూతురు దగ్గరికి జరిగి ఆమె చెయ్యి పట్టుకుంది.

మర్నాడు పొద్దున ఆఫీసు తలుపులు తియ్యకముందే ఆమె మెట్ల మీద కూర్చుంది. గుమాస్తా రాగానే కాగితం అడిగి తీసుకుంది. ఎలా రాయాలో అతను చెప్పబోతే వద్దంది. “ఆ నాలుగేళ్లు నేనే వచ్చాను. ఆయన ఒక్క రోజు కూడా రాలేదు,” అని రాసింది.

గుమాస్తా చదివి, ఒక్క రోజు కూడా అన్న మాటలు అక్కర్లేదన్నాడు. ఆమె వాటిని కొట్టెయ్యలేదు. సంతకం పెట్టి, డ్యూటీకి వేళైందని లేచింది.