రెండు తలల పని

మా ల్యాబ్ ఆయమ్మ పోయిన మంగళవారం చనిపోయింది. కాలేజీకి బయల్దేరుతుంటే వాళ్ళ చెల్లెలు ఫోన్ చేసింది. "మేడమ్ గారూ, అక్క లేదండీ. పొద్దున్నే టీ పెట్టుకుంటా అట్టాగే కూలబడిపోయింది" అంది. "అయ్యో" అన్నాను. ఆ తర్వాత నా నోట్లోంచి వచ్చిన మాట చెప్పుకోవడానికి సిగ్గుగా ఉంది. "మరి ఇవాళ ల్యాబ్ ఎవరు తీస్తారు?" అన్నాను. "తాళాలు ఇక్కడే ఉన్నాయండీ, ఎవరిచేతన్నా పంపించమంటారా?" అని అడిగింది. వద్దు, నేనే వస్తున్నానని చెప్పి ఫోన్ పెట్టేశాను.

నా నోరు మంచిది కాదు, ముందే ఒప్పేసుకుంటున్నాను. నందిగామలో ఒక డిగ్రీ కాలేజీలో కెమిస్ట్రీ చెప్తాను. పెళ్ళి చేసుకోలేదు. కాలేజీ వెనక సందులో రెండు గదుల పోర్షన్‌లో ఒక్కదాన్నే ఉంటాను. ఆయమ్మ మా ల్యాబ్ అటెండరు. పేరు రిజిస్టర్‌లో ఉంది కానీ ఎవరూ వాడేవారు కాదు. పిల్లలకీ, ప్రిన్సిపాల్‌కీ, నాకూ ఆయమ్మే. రోజూ జగ్గయ్యపేట నుంచి బస్సులో వచ్చేది. వాళ్ళాయన సున్నపురాయి క్వారీలో పనిచేసి చేసి, దగ్గుతో మంచాన పడి చనిపోయాడు. పిల్లలు లేరు. పద్నాలుగేళ్ళు ఇద్దరం ఒకే గదిలో పనిచేశాం. ఆవిడకి నేను చెప్పాల్సిన మాట ఒకటి ఉండిపోయింది. "ఆయమ్మా, ఇంక తలకి నూనె పెట్టుకో" అన్న మాట. చెప్తానని మాటిచ్చింది నేనే. చెప్పనిది కూడా నేనే. ఇది రాస్తున్నది అందుకే.

ఆవిడ జుట్టు చూసి తీరాల్సిందే. యాభై దాటినా జడ నడుము కిందికి ఉండేది. మందారపూలు, గోరింటాకు వేసి కొబ్బరినూనె తనే కాచుకునేది. ఆవిడ కారిడార్ మలుపు తిరగకముందే ఆ వాసన మా గదిలోకి వచ్చేసేది. రికార్డులు రాయని పిల్లలకి అదే హెచ్చరిక, గబగబా పుస్తకాలు తెరిచేవారు. "మన పేట ఎండలకి నూనె లేకపోతే తల పగిలిపోద్దమ్మా" అనేది. నన్ను చూసి జాలిపడేది. "మీ తల పిచ్చుక గూడులాగుంది. ఒక్క ఆదివారం నా చేతికివ్వండి, చూద్దురుగాని." నేను ఎప్పుడూ ఇవ్వలేదు. నాకు ఇంకొకరి చేత తల ముట్టించుకునే అలవాటు లేదు.

ఇంక రెండు తలల సంగతి. మన ఒంట్లో ప్రతి కణం చుట్టూ కొవ్వుతో కట్టిన పల్చటి గోడ ఉంటుంది. ఆ కొవ్వు అణువుకి ఒక తల, కింద తోకలు. తలకి నీళ్ళంటే ఇష్టం, తోకలకి గిట్టదు. అందుకని అవి రెండు వరసలుగా, తోకలు తోకలకి ఆనించుకుని నిలబడతాయి. వేడి బాగా పెరిగితే ఆ వరసలు సడలిపోతాయి. అయితే మరిగే ఊటల్లో, యాసిడ్ గుంటల్లో హాయిగా బతికే సూక్ష్మజీవులు కొన్ని ఉన్నాయి. వాటి గోడలో ఉండే కొవ్వుకి రెండు చివర్లా తలలే. ఒకే అణువు గోడకి ఈ పక్కా ఆ పక్కా పట్టుకుని నిలబడుతుంది. విడిపోదామన్నా అక్కడ రెండో వరస లేదు. అలాంటివాటిని మనం కృత్రిమంగా తయారుచేసుకోగలిగితే, ఆ కొవ్వు బుడగల్లో మందులు దాచి, మే నెలలో కూడా ఫ్రిజ్ లేకుండా ఊళ్ళకి పంపించవచ్చు. పెద్ద పెద్ద ల్యాబుల్లో ఎప్పటినుంచో ఈ పని జరుగుతోంది. నేనూ అందులో ఒక చిన్న ముక్క పట్టుకుని, ప్రాజెక్టు తెచ్చుకున్నాను.

ఆయమ్మకి చెప్పడం కోసం చీపురుపుల్లకి రెండు కొసలా మైనం ముద్దలు పెట్టి చూపించాను. దాన్ని అటూ ఇటూ తిప్పి చూసింది.

"రెండు పక్కలా తలలుంటే కాళ్ళెక్కడ చాపుకుంటదమ్మా?"

"చాపుకోదు. ఎప్పుడూ నిలబడే ఉంటుంది."

"మరిగే నీళ్ళలోనా? సరేలెండి, మా ఆయన ఎండాకాలం క్వారీలో నిలబళ్ళేదా." పుల్ల బల్ల మీద పెట్టి మళ్ళీ అడిగింది. "మామూలు దానికైతే ఎదురుగా ఇంకోటి ఉంటదన్నారు. మరి దీనికెవరున్నారు?"

"పక్కన బోలెడు ఉంటాయిగా ఆయమ్మా."

"పక్కనుంటే ఏం లాభమండీ. ఎదురుగా ఎవరూ లేకపోతే పొద్దెట్టా పోద్ది?"

నేను పగలబడి నవ్వాను. ఆ సాయంత్రం ఇంట్లో కంచం ముందు కూర్చున్నప్పుడు మాత్రం ఆ మాటే గుర్తొచ్చింది, నవ్వు రాలేదు. మర్నాటి నుంచి స్టాఫ్ రూమ్‌కి వెళ్ళడం మానేసి, ల్యాబ్ పక్కనున్న స్టోర్ రూమ్‌లో క్యారేజీ విప్పడం మొదలుపెట్టాను. ఎదురు స్టూలు మీద ఆయమ్మ. పెద్దగా మాట్లాడుకునేవాళ్ళం కాదు. "ఉప్పెక్కువైందమ్మా" అని నా కూరకి వంకపెట్టి, తన డబ్బాలో గోంగూర నా మూతలో పెట్టేది.

ప్రాజెక్టు మొదటి రెండేళ్ళూ నాకు నరకం కనపడింది. నాన్‌స్టిక్ పెనానికి పూసే పదార్థంతో చేసిన తెల్లటి ట్రే ఒకటి ఉండేది. దాన్నిండా నీళ్ళు పోసి, మీద నా రెండు తలల కొవ్వు ఒక్క చుక్క వదిలితే, అది ఒక్క అణువు మందాన పరుచుకుంటుంది. ఆ పొర ఎంత గట్టిగా ఉందో పక్కనున్న మీటరు చెబుతుంది. ఏమీ వదలకముందు మీటరు సున్నా చూపించాలి. నాకు ఉత్త నీళ్ళే సున్నా చూపించేవి కావు. ఒకరోజు ఒక అంకె, మర్నాడు ఇంకొకటి. మన నీళ్ళలో సున్నం ఎక్కువ కదా, అదే అనుకున్నాను. ఫ్యాక్టరీల నుంచి వచ్చే సిమెంటు దుమ్మనుకున్నాను, కిటికీలకి తడిగుడ్డలు కట్టించాను. బ్యాటరీ షాపుల్లో దొరికే డిస్టిల్డ్ వాటర్ పనికిరాదని విజయవాడ నుంచి క్యాన్లు తెప్పించాను. ఆ క్యాన్లు బస్సు దగ్గర్నుంచి మోసుకొచ్చింది కూడా ఆయమ్మే. చంకలో పిల్లని పెట్టుకుని ఊరంతా వెతికిన బాపతు.

ఒకసారి చుట్టాల ఇంట్లో పెళ్ళి ఉందని ఆవిడ మూడు రోజులు జి.కొండూరు వెళ్ళింది. గిన్నెలూ ట్రే నేనే కడుక్కున్నాను. మూడు రోజులూ మీటరు సున్నా మీద బొమ్మలా నిలబడింది. నాలుగోరోజు ఆయమ్మ వచ్చింది. నిగనిగలాడే తల, జడలో కనకాంబరాలు. ఎప్పటిలాగే ట్రే కడిగింది, రెండు చేతులతో తల సవరించుకుంది, మళ్ళీ ట్రే అందుకుని ఎక్కడన్నా గరుకుందేమోనని అరచేత్తో ఈ చివర నుంచి ఆ చివరదాకా తడిమి చూసింది. పద్నాలుగేళ్ళలో ఆవిడ ఏ గాజుసామానూ అలా తడిమి చూడకుండా నాకు అందించలేదు. అది ఆవిడ శ్రద్ధ. నా రెండేళ్ళూ ఆ అరచేతి నూనెలో కొట్టుకుపోయాయి.

ల్యాబ్ నిండా పిల్లలున్నారు. నాకు కోపం వస్తే ముందూ వెనకా తెలియదు. "నీ తల నూనె వల్ల నా రెండేళ్ళు నాశనమయ్యాయి ఆయమ్మా! ఈ పని అయ్యేదాకా తలకి నూనె పెట్టావంటే ఈ గదిలోకి రానివ్వను. మళ్ళీ ఎప్పుడు పెట్టుకోవాలో నేనే చెప్తాను" అని అరిచాను. వెనక బెంచీలో ఎవరో కిసుక్కుమన్నారు. ఆవిడ చేతిలో ట్రే కింద పెట్టి, చీర కొంగుకి చేతులు తుడుచుకుని, "అట్టాగేనమ్మా" అంది.

బీరువాలో గ్లవ్స్ డబ్బాలు ఉన్నాయి. తొడుక్కోమంటే సరిపోయేది. ఆ మాట నాకు ఆరేళ్ళు తోచలేదు. మొన్న తోచింది.

మర్నాడు ఆవిడ కుంకుడుకాయతో రుద్దుకున్న తలతో వచ్చింది. జుట్టు గాలికి రేగి, ముఖం చిన్నదైపోయింది. మధ్యాహ్నం స్టోర్ రూమ్‌లో ఎదురు స్టూలు మీద మామూలుగానే కూర్చుంది. నేను క్షమించమని అడగలేదు, ఆవిడ అడిగించుకోవాలని చూడలేదు. బస్సులో తెలిసినవాళ్ళు "ఏమ్మా, ఇంట్లో ఎవరన్నా పోయారా, తల అట్టా వదిలేశావ్?" అని అడుగుతున్నారని ఒకసారి చెప్పింది. "ఏం చెప్పావ్?" అన్నాను. "కాలేజీలో రెండు తలల పని జరుగుతోంది, అందుకు నా ఒక్క తలా ఎండబెట్టానని చెప్పా" అని నవ్వింది. నేనూ నవ్వేశాను. ఎండల్లో తలనొప్పికి నుదుటి మీద తడిగుడ్డ వేసుకుని కూర్చునేది. అదీ చూశాను. చూసి చూసి కళ్ళకి అలవాటైపోయింది, ఆవిడ తల మొదటినుంచీ అంతేనన్నట్టు.

ఇంకో రెండేళ్ళకి పని గట్టెక్కింది. రంగునీళ్ళు నింపిన నా బుడగలు మరిగే నీళ్ళలో పెట్టినా రంగు వదల్లేదు. రిపోర్టు పంపించేశాను, అందరూ మెచ్చుకున్నారు. ఆ వారంలోనే ఒక మధ్యాహ్నం, నేను కొత్త ప్రాజెక్టు కోసం ఏదో రాసుకుంటుంటే ఆయమ్మ వచ్చి బల్ల పక్కన నిలబడింది.

"అమ్మా, రెండు తలల పని అయిపోయినట్టేనా?"

నేను తల ఎత్తలేదు. "ఆ పని ఎప్పటికీ అవ్వదులే ఆయమ్మా. మనం పోయేదాకా ఉంటుంది."

సరదాగా అన్నాను. ఇలాంటి పనులకి అంతం ఉండదని నా ఉద్దేశం. ఆవిడ "అట్టాగేనమ్మా" అని వెళ్ళిపోయింది.

మంగళవారం చిల్లకల్లు మీదుగా జగ్గయ్యపేటలో దిగి, అడుక్కుంటూ ఆవిడ ఇంటికి వెళ్ళాను. పద్నాలుగేళ్ళలో అదే మొదటిసారి. ఒకటే గది, ముందు చిన్న పంచ. గోడవారన మందారం మొక్క, పక్కన గోరింట. పంచలో ఆవిడని పడుకోబెట్టారు. స్నానం చేయించే ముందు ఆడవాళ్ళు ఒక్కొక్కరే తలకి నూనె అంటుతున్నారు. చెల్లెలు లోపల్నుంచి ఒక గాజు సీసా తెచ్చి మూత తిప్పింది. ఆ వాసనకి నేను గుమ్మంలోనే ఆగిపోయాను.

"అక్కే కాచుకుందండీ ఇది" అంది చెల్లెలు. "ఏటా ఎండలకి ముందు కాచి పెట్టుకునేది. మేడమ్ గారు చెప్పినరోజు పెట్టుకుంటాననేది. ఏడాది తిరిగేసరికి పాతది నాకిచ్చేసి మళ్ళీ కొత్తది కాచేది. ఆదివారమన్నా పెట్టుకోవే అంటే వినేది కాదు. నూనె ఒక్క పూటలో పోద్దా, సోమారం మళ్ళీ చేతులకి అంటుద్ది, అక్కడ చీమ కాలంత నూనె పడినా తెలిసిపోద్దంట అనేది. ఇంకా ఎన్నాళ్ళే ఆ పని అంటే, మనం పోయేదాకా ఉంటదని మేడమ్ గారు అన్నారే అని నవ్వేది."

చెల్లెలి గొంతులో నిష్ఠూరం లేదు. ఉంటే నాకు కొంత తేలికగా ఉండేది. పని నాలుగేళ్ళ కిందటే అయిపోయిందని ఆ పంచలో నిలబడి నేను ఎవరికి చెప్పను?

"మీరూ చెయ్యి వెయ్యండమ్మా" అని సీసా నా అరచేతిలోకి వంచింది. నేను ఆయమ్మ తల ముట్టుకోవడం అదే మొదలు. నడినెత్తిన పోసి, పాపిట వెంట, చెవుల వెనక, జడ పొడుగునా రాశాను. ఎండుగడ్డిలా ఉన్న జుట్టు పోసిన నూనెంతా పీల్చేసుకుంది. ఇంకా పొయ్యమని చెయ్యి చాపాను. వెనక ఎవరో ముసలావిడ "చాలమ్మా, చాలు" అంది. నేను ఏడ్చాను. అంతమందిలో ఏడవడం నాకు ఇంతకుముందు తెలియదు.

వచ్చేటప్పుడు కాళ్ళూ చేతులూ కడుక్కోమని పంపు చూపించారు. కాళ్ళు మాత్రమే కడుక్కున్నాను. తాళాలు తీసుకుని బస్సెక్కాను. చిల్లకల్లు దగ్గర ముఖం తుడుచుకోబోయి చెయ్యి వెనక్కి తీసుకున్నాను.

ఇంటికి వెళ్ళలేదు. ఎండ ఇంకా ఉండగానే ల్యాబ్ తెరిచాను. ఎడమచేత్తోనే ట్రే నింపాను. మీటరు సున్నా చూపించింది, ఆవిడ ఆఖరుసారి కడిగిన ట్రే మరి. కుడిచేతి చూపుడువేలు నీళ్ళకి తాకించాను. అంకె ఒక్కసారి లేచింది. వేలు తీసేశాక కూడా దిగలేదు. కిటికీ వెలుగులో నీళ్ళ మీద సన్నటి రంగులు ఈ చివర నుంచి ఆ చివరదాకా పాకాయి. "అయిపోయింది ఆయమ్మా" అన్నాను. "పని ఎప్పుడో అయిపోయింది. పెట్టుకో." స్టోర్ రూమ్ తలుపు తెరిచే ఉంది. రెండు స్టూళ్ళూ ఎదురెదురుగా ఉన్నాయి.

ఆ ట్రే ఇంకా కడగలేదు. ల్యాబ్ ఇప్పుడు నేనే తీస్తున్నాను. నా భ్రమే అయ్యుండొచ్చు కానీ, నిన్న పొద్దున తాళం తీసి తలుపు తోయగానే మందారం వాసన తగిలింది. వెనక్కి తిరిగి, కారిడార్ మలుపు వైపు చూస్తూ నిలబడ్డాను.